బండి దాటేదాకా

1962 సెప్టెంబరు 9, ఆదివారం

చర్చి నుంచి వచ్చేసరికి మా ఇంటి కింద ఎవరివో కాళ్ళు కనబడ్డాయి. కాళ్ళు బయట, మిగతా మనిషంతా లోపల. ఇంకో ఇద్దరు పెరట్లో నిలబడి మా గోడల్ని ఎగాదిగా చూస్తున్నారు, గుర్రం బేరానికి వచ్చినవాళ్ళలా.

కాళ్ళ మనిషి పేరు గ్లెన్ హఫ్‌నాగెల్. ఒంటినిండా బూజుతో బయటికి వచ్చి చెయ్యి చాచాడు. కరెంటుతో పట్టాల మీద నడిచిన పాత ట్రాలీ బండ్లని వెతికి తెచ్చి బాగుచేసే మ్యూజియం వాళ్ళట. సొంతంగా ఓ మైలు పట్టాలు కూడా వేసుకున్నారట.

"మీరుంటున్నది ఇల్లు కాదండీ," అన్నాడు, నాకేదో దేవరహస్యం చెబుతున్నట్టు. "ఈ చెక్కల వెనక, ఈ కప్పు కింద ఉన్నది రెండువందల పధ్నాలుగో నంబరు బండి. ఆ లైనులో మిగిలింది ఇదొక్కటే!"

"తెలుసు. నడిపింది నేనే," అన్నాను.

టోపీ తీసేశాడు. నాకు నవ్వొచ్చింది, కానీ నవ్వలేదు. కంపెనీ మూసేసినప్పుడు మిగతా బండ్లన్నిటినీ కార్వర్ యార్డులో పక్కకి దొర్లించి నిప్పంటించారనీ, చెక్క కాలిపోయాక ఇనుమూ రాగీ ఏరుకున్నారనీ చెప్పాను. దీని వంతు వచ్చేసరికి మా కండక్టరు హోబర్ట్ నెస్బిట్ అడ్డంగా నిలబడ్డాడు. "దీన్ని ఎల్డన్ పెళ్ళాం అడిగింది, ఇల్లు చేసుకుంటుందట. ముందు నన్ను కాల్చండి" అన్నాడు. అలా వచ్చింది మాకీ ఇల్లు. పొగ తాగేవాళ్ళ గది నా భార్య లీటాకి వంటిల్లయింది. లీటా పోయి నాలుగేళ్ళయినా, వాన పడితే ఆ గోడల్లోంచి చుట్ట వాసన ఇప్పటికీ వస్తుంది.

గ్లెన్ ఇదంతా నోరు తెరుచుకుని విన్నాడు. బండి ఇచ్చేస్తే దానికి బదులు నేనుండటానికి చక్రాల ఇల్లొకటి తెచ్చి పెడతారట. బండికి చక్రాలూ ఇరుసులూ సిద్ధంగా ఉన్నాయట. మోటార్లు తరవాత, ముందు చిన్న ఇంజనుతో తోసి అక్టోబరు ఆఖరికల్లా జనాన్ని ఎక్కించి తిప్పుతారట.

ఇవ్వనని చెప్పాను. ఒక డబ్బాలోంచి ఇంకో డబ్బాలోకి దూరే వయసు కాదు నాది.

సెప్టెంబరు 12

మధ్యాహ్నం ఫోన్ మోగింది. రెండు పొడుగు, ఒకటి పొట్టి, అంటే నాకే. హోబర్ట్ కూతురు వర్నా.

"బాబాయ్, నాన్న మళ్ళీ వెళ్ళిపోయాడు. అట్లీ క్రాసింగు దగ్గర నిలబడ్డాట్ట. పోలీసాయన పిలిచినా రావట్లేదంట. మీరొక్కసారి..."

లైనులో ఎవరో ఊపిరి పీల్చారు. మా రోడ్డు మీది ఇళ్ళన్నిటికీ ఒకటే లైను. ఎవరి రింగు వాళ్ళకి ఉంది, ఐరీన్ ఆర్బకల్ మాత్రం అన్నీ తనవే అనుకుంటుంది.

"పెట్టెయ్ ఫోను, ఐరీన్," అన్నాను. టక్కుమని పెట్టేసింది.

వెళ్ళేసరికి హోబర్ట్ పెద్ద రైలు పట్టాల పక్కన నిలబడి ఉన్నాడు. తలమీద కండక్టరు టోపీ, కాళ్ళకి ఇంట్లో వేసుకునే మెత్తటి చెప్పులు. పోలీసు కుర్రవాడు చెమటలు కక్కుతున్నాడు.

"బండి దాటేదాకా కదలకూడదంటాడండీ. ఏ బండి?"

"మా బండి. మా పట్టాలు ఇక్కడ పెద్ద రైలు పట్టాలని అడ్డంగా దాటేవి. ఇక్కడికి రాగానే నేను ఆపాలి. వీడు దిగి, ముందుకి నడిచి, అటూ ఇటూ చూసి చెయ్యి ఊపాలి. ఆమడ దూరం ఖాళీగా కనబడుతున్నా సరే, వీడు ఊపందే నేను కదపకూడదు. బండి దాటందే వీడు కదలకూడదు. దాటాక వెనక మెట్టు ఎక్కి గంట తాడు రెండుసార్లు లాగుతాడు. అప్పుడు పోవడం."

"ఆ పట్టాలు పీకేసి చాలా ఏళ్ళయిందిగా!"

"ఆ సంగతి నువ్వే చెప్పు వాడికి."

నా ట్రక్కుని వెనక్కి తీసుకెళ్ళి, మెల్లగా వచ్చి పట్టాల ముందు ఆపాను. హోబర్ట్ అటు చూశాడు, ఇటు చూశాడు, చెయ్యి బారుగా చాచి ఊపాడు. నేను దాటాను. ఆ వయసులో ట్రక్కు వెనక తొట్టిలోకి ఎలా ఎక్కాడో ఎక్కాడు. నా నెత్తిమీద రేకుని రెండుసార్లు కొట్టాడు. వాళ్ళ ఇంటికి తీసుకొచ్చాను.

"ఆలస్యం చేశావేరా ఇవాళ," అన్నాడు దిగుతూ.

"కార్వర్ దగ్గర ఆవు అడ్డం వచ్చింది."

"ఆవు కాదు, ఆ బ్లెయిన్ పెళ్ళాం అయ్యుంటుంది. మొగుడికి అన్నం డబ్బా ఇవ్వడం మర్చిపోయి రోజూ మన బండి వెనకాల పరిగెత్తేది చూడు."

ఇద్దరం నవ్వుకున్నాం. వర్నా మాత్రం గుమ్మంలో నిలబడి కళ్ళు తుడుచుకుంటోంది.

సెప్టెంబరు 13

నడుం పట్టేసింది. వాన. చుట్ట వాసన.

సెప్టెంబరు 22

వర్నా వచ్చింది. మొక్కజొన్న రొట్టె తెచ్చింది. లీటా కుర్చీలో కూచోబోయి, ఎందుకో లేచి పక్క కుర్చీలో కూచుంది.

"మ్యూజియం వాళ్ళు మా ఇంటికీ వచ్చారు బాబాయ్."

"వస్తారు. వాళ్ళకేం పని."

"మా నాన్న ఎదురుచూస్తున్నది మీ ట్రక్కు కోసం కాదు. ఆ బండి కోసం. ఒక్కసారి ఎక్కిస్తే, ఒక్కసారి దాన్ని దాటించేస్తే, మనసు కుదుటపడి మళ్ళీ అక్కడికి పోడేమోనని నా ఆశ. ఇప్పుడింకా మనుషుల్ని గుర్తుపడుతున్నాడు. చలికాలం దాటాక పడతాడో లేదో."

"డాక్టరు చెప్పాడా?"

"డాక్టరు ఏం చెప్తాడు, వయసైపోయింది అంటాడు. నేనే అంటున్నా. మిమ్మల్ని ఇల్లు అడుగుతున్నానని నాకు తెలుసు బాబాయ్. అయినా అడుగుతున్నా."

టొమాటోలు అయిపోనీ, చూద్దాం అన్నాను. ఇంకా చెట్లనిండా ఉన్నాయి. వాటిని వదిలేసి ఇల్లు విప్పుకోమంటే ఎలా?

అక్టోబరు 3

మళ్ళీ అట్లీ. ఈసారి గూడ్సు బండి వస్తుంటే పట్టాల అంచున నిలబడి నావైపు అరచెయ్యి చూపించాడు, ఆగమని. ఇంజనువాడు కూత వేస్తూనే ఉన్నాడు. గూడ్సు పోయాక తీరుబడిగా అటూ ఇటూ చూసి, రమ్మన్నాడు.

అక్టోబరు 7, ఆదివారం

గ్లెన్ వచ్చాడు. వర్నా హోబర్ట్‌ని తీసుకుని వచ్చింది. అందరూ కలిసి అనుకుని వచ్చారని నాకు తెలియదనుకుంటున్నారు.

ఒక్క చెక్క ఊడదీసి చూస్తానని గ్లెన్ ప్రాణం తీశాడు. సరే ఏడువు అన్నాను. చెక్క ఊడొచ్చింది. కింద ముదురాకుపచ్చ రంగు నిన్న వేసినట్టుంది. దాని మీద బంగారు అంకెలు, 214. లీటా పట్టుబట్టి బయట చెక్కలు కొట్టించబట్టి ఇన్నాళ్ళ ఎండా వానా దాన్ని అంటలేదు. "ఇక చాలు, మళ్ళీ కొట్టెయ్" అని అరిచాను. గ్లెన్ బిత్తరపోయి సుత్తి తీసుకున్నాడు.

హోబర్ట్ మాత్రం ఆ అంకెల మీద చెయ్యి వేసి నిలబడ్డాడు. తరవాత ఎవరూ పిలవకుండానే లోపలికి వచ్చి, వంటింట్లో బల్ల దగ్గర తన చోట్లో కూచున్నాడు. లీటా ఉన్నప్పుడు ఆదివారాలు కూచునే చోటు. ఆ పూట వాడి కళ్ళు నిర్మలంగా ఉన్నాయి.

"లీటా లేదు కదూ," అన్నాడు.

"లేదు."

"బీన్సు సూపు బాగా చేసేది. ఉప్పు మాత్రం ఎక్కువేసేది. నీకు భయపడి చెప్పేవాణ్ణి కాదు."

"నాకెందుకు భయం? ఆవిడకి భయపడి నేనూ చెప్పలేదు."

నవ్వాడు. తలెత్తి గంట తాడు వైపు చూశాడు. లీటా దాని మీద గిన్నెలు తుడిచే గుడ్డలు ఆరేసేది. భోజనానికి పిలవాలంటే దాన్నే రెండుసార్లు లాగేది. గంట ఇంకా పనిచేస్తుంది.

"ఎప్పుడు బయల్దేరదాం?" అన్నాడు హోబర్ట్.

వర్నా నావైపు చూసింది. గ్లెన్ కిటికీలోంచి చూస్తున్నాడు.

"వసంతంలో," అన్నాను. "ఇప్పుడు చలి పడిపోతోంది. వసంతం రానీ."

"సరే. టైం నువ్వు చూసుకో, క్రాసింగు సంగతి నేను చూసుకుంటా." లేచి తాడు రెండుసార్లు లాగాడు. గంట మోగింది. ఇల్లు మాత్రం కదలలేదు.

వర్నా వెళ్ళేటప్పుడు రొట్టె గిన్నె కూడా అడగలేదు.

అక్టోబరు 8

గ్లెన్‌కి ఫోన్ చెయ్యాలి. టొమాటోలు అయిపోయాయి కానీ గుమ్మడికాయలు ఉన్నాయి.

అక్టోబరు 16

కప్పు మీద రేకు లేచింది. ముందు అది చూడాలి. రేపో మాపో ఇచ్చేసే ఇంటికి రేకు వెయ్యడమెందుకని ఐరీన్ దెప్పింది. ఇచ్చేస్తానని దానికి ఎవరు చెప్పారో!

అక్టోబరు 24

రేడియోలో అంతా క్యూబా క్షిపణుల గొడవే. బడిలో పిల్లల చేత బల్లల కింద దూరడం సాధన చేయిస్తున్నారు. వచ్చే వారానికి ప్రపంచం ఉంటుందో లేదో తెలియదు, ఇప్పుడు ఇల్లు విప్పడమేమిటి? ఎవరైనా నవ్వుతారు.

అక్టోబరు 29

ప్రపంచం ఉంది.

నవంబరు 10

రెండుసార్లు అట్లీ వెళ్ళొచ్చాను ఈ వారం. ఇవాళ వాడు నన్ను చూసి, "నువ్వు కొత్తగా చేరావా?" అన్నాడు. అవునన్నాను. "బండి నడిపేవాడు ఎల్డన్ అని ఒకడు వస్తాడు. నోరు చెడ్డది, మనిషి మంచివాడు. మాటిస్తే తప్పడు" అన్నాడు. ట్రక్కు ఎక్కడానికి చాలాసేపు బతిమాలాల్సి వచ్చింది.

రేపు గ్లెన్‌కి తప్పకుండా ఫోన్ చేస్తాను.

నవంబరు 22

థాంక్స్‌గివింగ్. వర్నా పిలిచింది, జలుబని వెళ్ళలేదు. పర్సిమన్ పుడ్డింగు పంపించింది. జలుబేమీ లేదు. అక్కడికి వెళితే వాడు మళ్ళీ ఎప్పుడు బయల్దేరదామని అడుగుతాడు.

నవంబరు 23, శుక్రవారం

మంచూ వానా కలిసి పడుతున్నాయి. సాయంత్రం రేడియోలో బాస్కెట్‌బాల్. మనవాళ్ళు ఆఖర్లో పోగొట్టుకున్నారు. మధ్యలో ఫోన్ చాలాసేపు మోగింది. లైను మీద ఎవరిదో. పండగ మర్నాడు చుట్టాలకి చుట్టాలు ఫోన్లు చేసుకుంటారు.

నవంబరు 24

హోబర్ట్ ఆసుపత్రిలో ఉన్నాడు. నిన్న సాయంత్రమంతా అట్లీలో ఆ మంచువానలో నిలబడ్డాట్ట. గూడ్సు వాళ్ళు చూసి బండి ఆపి తీసుకెళ్ళారు. ఊపిరితిత్తులకి చలి పట్టిందన్నారు.

నవంబరు 25

చూడనిచ్చారు. గుర్తుపట్టలేదు. చెయ్యి దుప్పటి మీద కదులుతోంది, అటూ ఇటూ. ఊపుతున్నాడని నర్సుకి తెలియక దుప్పటి కింద పెట్టేసింది.

నవంబరు 27

హోబర్ట్ పోయాడు.

నవంబరు 30

మట్టి ఇచ్చేశాం. టోపీ పెట్టె మీద పెట్టారు. పాతవాళ్ళలో వచ్చింది నేనొక్కణ్ణే, మిగతావాళ్ళు ముందే పోయారు. వర్నా నా చెయ్యి పట్టుకుంది.

"ఆ రోజు మీకు ఫోన్ చేశాను బాబాయ్. చాలాసేపు మోగింది. నా కారు స్టార్టవ్వలేదు. పోలీసులకి చేసేసరికి ఆలస్యమైంది. మీరింట్లో లేరేమో."

"లేను," అన్నాను.

నాకు జలుబని తనకి తెలుసు. అయినా తల ఊపింది.

డిసెంబరు 2

రెండు పొడుగు, ఒకటి పొట్టి. ఆ రింగు నాదే. మోగిన ప్రతిసారీ విన్నాను. వర్నా అని తెలుసు, ఎందుకో కూడా తెలుసు. బయట మంచువాన పడుతోంది, ఆట ఆఖరికి వచ్చింది, వాడు ఎలాగూ నన్ను గుర్తుపట్టడు, పోలీసు కుర్రవాడు తీసుకొస్తాడులే అనుకున్నాను. లేచాను కూడా. కోటు దాకా వెళ్ళి, మోగడం ఆగిపోతే మళ్ళీ కూచున్నాను.

ఎవరికీ చెప్పను. ఇక్కడ రాశాను, చాలు.

చాలదు.

డిసెంబరు 3

గ్లెన్‌కి ఫోన్ చేశాను. ఎంత తేలిక! అంకెలు తిప్పడం, రెండు మాటలు. "బండి ఇస్తాను, వచ్చి తీసుకెళ్ళు." అవతల వాడు సంతోషంతో ఉక్కిరిబిక్కిరయ్యాడు. "వసంతంలో వస్తామండీ, ఇప్పుడు నేల గడ్డకట్టింది" అన్నాడు.

వసంతంలోనట.

1963 జనవరి

రాయడానికి ఏమీ లేదు. అట్లీ మీదుగా వెళ్ళకుండా ఊళ్ళోకి చుట్టుదారి కనిపెట్టాను.

ఏప్రిల్ 20

విప్పుతున్నారు. కప్పు ఊడింది, చెక్కలు ఊడాయి, లీటా అంటించిన పూల కాగితం పొరలు పొరలుగా వచ్చింది. సాయంత్రానికి పెరట్లో ఇల్లు లేదు, బండి ఉంది. ఎండ పడేసరికి పై కిటికీల రంగుటద్దాలు వెలిగాయి. వాటిని పగటి వెలుగులో చూసి ఎన్నేళ్ళయిందో! పాతిక మంది మధ్య నిలబడి ఏడ్చాను. సిగ్గనిపించలేదు.

గ్లెన్ పక్కకి వచ్చాడు. "మీరు రక్షించారండీ దీన్ని."

"నేను దాక్కున్నాను దీంట్లో," అన్నాను. అర్థం కాలేదు వాడికి.

గంట తాడు మీద ఆరేసిన గుడ్డలు రెండూ తీసి జేబులో పెట్టుకున్నాను. చక్రాల ఇల్లు బాగానే ఉంది. ఏ వాసనా లేదు.

మే 4, శనివారం

బండి వెళ్ళిపోయింది.

ఇళ్ళు తరలించే పెద్ద లారీ మీద ఎక్కించారు. ముందు లారీ, వెనక నా ట్రక్కులో నేనూ వర్నా. నా కళ్ళు సరిగ్గా ఆనట్లేదని తనే నడుపుతానంది. మ్యూజియానికి దారి అట్లీ మీదుగానే.

పట్టాల ముందు లారీ ఆగింది. డ్రైవరు తల బయటపెట్టి చూసి, పోదామని గేరు వేశాడు.

"ఆపమను," అన్నాను. వర్నా హారన్ కొట్టింది. దిగి, కర్ర పట్టుకుని ముందుకి నడిచాను.

"ఏంటి తాతా? రెండు పక్కలా ఖాళీగానే ఉంది, నాకు కనబడుతోందిగా!" అని కేకేశాడు డ్రైవరు.

"నీకు కనబడితే చాలదు. ఆగు."

పట్టాల దాకా వెళ్ళాను. అటు చూశాను, ఇటు చూశాను. అన్నేళ్ళు ఈ క్రాసింగు దాటాను, కానీ ఈ చోట నిలబడటం ఇదే మొదలు. నా చోటెప్పుడూ అద్దం వెనకే. వెనక్కి తిరిగితే లారీ నెత్తిన 214 నిలబడి ఉంది, ముందు అద్దం మీద ఎండ పడి లోపల ఎవరున్నారో కనబడట్లేదు. వాడికి రోజూ కనబడింది ఇదన్నమాట. అద్దం వెనక నేనున్నానని నమ్మి చెయ్యి ఊపేవాడు. ఊపితే బండి వచ్చేది.

ఊపాను. లారీ మూలుగుతూ కదిలింది. బండి నా పక్కనుంచి దాటింది. ఆకుపచ్చ రంగు, బంగారు అంకెలు, ఖాళీ కిటికీలు, వెనక మెట్టు. దాటేదాకా కదలలేదు.

ఆ రోజు కూడా వాడు ఇక్కడే నిలబడ్డాడు. మతి పోయి కాదు. చెయ్యి ఊపేశాడు, బండి ఇంకా రాలేదు, రాకుండా కదలకూడదు. రావలసింది నేను. ఒరేయ్ హోబర్ట్, నేను వినబడనట్టు కూచున్నానురా.

వర్నా ట్రక్కు తెచ్చి పక్కన ఆపింది. "ఎక్కండి బాబాయ్."

"అమ్మా, ఆ రోజు నేను ఇంట్లోనే ఉన్నాను. ఫోన్ విన్నాను."

స్టీరింగు మీద తన చేతులు బిగుసుకున్నాయి.

"తెలుసు," అంది. "మ్యాచ్ రోజు మీరు ఎక్కడికీ పోరు."

ముందు తలుపు తెరిచింది. నేను వెనక తొట్టిలోకి ఎక్కాను. ముందు మోకాలు, తరవాత కర్ర, తరవాత నేను. తను వద్దనలేదు, సాయమూ చెయ్యలేదు. కూచున్నాక రేకుని రెండుసార్లు కొట్టాను. కొంచెం ఆగి, పోనిచ్చింది.

మే 19

గ్లెన్ ఉత్తరం రాశాడు, నెలాఖరుకి బండిని పట్టాలెక్కిస్తారట, ముందు చోట్లో నన్నే నిలబడమన్నాడు. కండక్టరు ఎవరని అడగాలి.

ఇవాళ పొద్దున ఫోన్ మోగగానే తీశాను. "ఎల్డన్, అది నా రింగు!" అని ఐరీన్ అరిచింది. "నిన్నా అంతే, మొన్నా అంతే. చెవులు పోయాయా నీకు?" అంది.

ఈ మధ్య ఎవరి రింగు మోగినా తీసేస్తున్నాను. లైను మీద వాళ్ళంతా తిడుతున్నారు. తిట్టనీ.